మడి మన్ను

1957వ సంవత్సరం. ఎండలు ఇంకా ముదరలేదు, కానీ ఆదోనిలో అప్పటికే నీళ్ళ కోసం బిందెలతో కొట్లాటలు మొదలయ్యాయి. నేను అక్కడి ఆసుపత్రిలో పిల్లల వార్డు నర్సును. వార్డంటే పెద్దగా ఊహించుకోవద్దు. ఎనిమిది ఇనుప మంచాలు, సూదులు ఉడకబెట్టుకునే గిన్నె, ఒక కిరసనాయిలు స్టవ్వు, మంచానికొకటి చొప్పున వేలాడే కేస్ షీట్లు, వాటి మధ్య పొద్దున్నుంచి సాయంత్రం దాకా నేను. మాది ఎమ్మిగనూరు. నాన్న కూలి మనిషి. చర్చివాళ్ళ చలవతో చదువుకుని, నర్సు ట్రైనింగు ముగించి, ఉద్యోగంలో చేరి అప్పటికి మూడో ఏడు. చెయ్యి మంచిదని నాకు పేరుండేది. నోరు మంచిది కాదని అంతకంటే పెద్ద పేరుండేది.

ఇప్పటి పిల్లలు నన్ను అడుగుతుంటారు, చావులు చూసి చూసి నర్సుల మనసు మొద్దుబారిపోతుందా అని. చావులకేమీ మొద్దుబారదు. చెప్పిందే చెప్పి, మళ్ళీ చెప్పి, అయినా ఎదుటి మనిషి తలాడించి ఇంటికి పోయి పాత పనే చేస్తే, అప్పుడు విసుగు పుడుతుంది చూడండి, అదీ అసలు సంగతి. ఆ విసుగు నాకు జన్మకు సరిపడా తెప్పించినవాళ్ళు గోవిందశెట్టి ఇంటివాళ్ళు.

గోవిందశెట్టికి పత్తి మండీ ఉండేది. మనిషి మెత్తన. ఆయన కూతురు పద్మకు ఆరేళ్ళు. మొదటిసారి తీసుకొచ్చినప్పుడు చేతులూ కాళ్ళూ పుల్లల్లా ఉన్నాయి, పొట్ట మాత్రం ముందుకు తోసుకొచ్చింది. నిద్రలో పళ్ళు కొరుకుతుందని తల్లి సరోజమ్మ చెప్పింది. అప్పుడప్పుడు బొడ్డు చుట్టూ మెలిపెట్టే నొప్పి. నాయనమ్మ లక్ష్మమ్మ కూడా జట్కాలో వచ్చింది గానీ లోపలికి అడుగుపెట్టలేదు. ఆసుపత్రి గాలి తగిలితే మళ్ళీ తలస్నానం చేయాలి కాబట్టి గేటు బయటే గొడుగు పట్టుకుని నిలబడి, అక్కడి నుంచే కేకలేసి వివరాలు చెప్పింది.

"బెల్లం శానా తింటాది నర్సమ్మా! బెల్లం తినే పిల్లకు పురుగులు పడక ఏం పడతాయి!"

డాక్టరుగారు స్టూల్ టెస్ట్ రాశారు. అంటే మలం పరీక్ష. మర్నాడు మండీ గుమస్తా ఒక అగ్గిపెట్టె తెచ్చిచ్చాడు. దానిమీద కాగితం, కాగితం మీద గుడ్డ, గుడ్డ మీద దారం. ఆ దారం విప్పేసరికి నా ఓపిక సగం అయిపోయింది. లోపల చూస్తే ఆవగింజంత. ఇంత సిగ్గుపడేవాళ్ళు ఆసుపత్రికి ఎందుకు వచ్చారని గుమస్తా మీద అరిచాను. పాపం ఆయన నవ్వాలో ఏడవాలో తెలియక తల గోక్కున్నాడు. అయితే ఆ ఆవగింజంతలోనే మైక్రోస్కోపు కింద రౌండ్ వర్మ్ గుడ్లు దండిగా కనిపించాయి.

రౌండ్ వర్మ్ అంటే మనవాళ్ళు ఏలికపాము అంటారే, అదే. జానెడు పైన ఉంటుంది, తెల్లగా, వానపాములా. చిన్నపేగులో కాపురం పెట్టి, బిడ్డ తిన్నదాంట్లో తన వాటా తను తింటుంది. ఆడపురుగు రోజుకు లక్షకు పైగా గుడ్లు పెడుతుంది. ఆ గుడ్లు మలంతోపాటు బయటికి వచ్చి మట్టిలో చేరతాయి. మట్టిలో నుంచి ఎలాగో ఇంకో నోటిలోకి పోతే అక్కడ మళ్ళీ పురుగులు. బెల్లంలో నుంచి పురుగు పుట్టదు. గుడ్డు మింగకుండా పురుగు రాదు. ఈ ఒక్క ముక్క నేను ఆ సంవత్సరం ఎన్నిసార్లు చెప్పానో నాకే గుర్తులేదు.

పైపరజీన్ సిరప్ అప్పుడప్పుడే కొత్తగా మా దాకా వచ్చింది. అంతకుముందు వేరే మందు ఇచ్చి, దానిమీద ఆముదం తాగించి, పిల్లల చేత శాపనార్థాలు పెట్టించుకునేవాళ్ళం. ఈ సిరప్ తియ్యగా ఉంటుంది. పురుగును చంపదు, సత్తువ లేకుండా చేస్తుంది. పట్టు తప్పిన పురుగు తనంతట తానే కిందికి జారిపోతుంది. పద్మకు రెండు రోజుల్లో ముప్పై ఒకటి పడ్డాయి. లెక్కపెట్టి కేస్ షీటులో రాయడం నా పనే. సరోజమ్మ ఆ బెడ్‌పాన్ వైపు ఒక్కసారి చూసి గోడ పట్టుకుంది.

ఇంటికి పంపేటప్పుడు గోవిందశెట్టి చేతులు జోడించాడు.

"బెల్లం ముట్టనియ్యం తల్లీ, ఒట్టు."

"బెల్లానికీ దీనికీ ఏం సమ్మందం లేదప్పా! గుడ్డు నోట్లోకి పోతేనే పురుగు. మన్నులో ఆడనియ్యద్దండి. చేతులు బాగా కడిగియ్యండి. పచ్చివి కడగకుండా పెట్టొద్దండి."

"మా ఇంట్ల మన్నులో ఆడేదే లేదమ్మా. మా యమ్మ మడి మీకు తెల్దు. బిడ్డ చేతులు దినానికి పదితూర్లు ఆమే కడుగుతాది."

అయితే ఇక మంచిదే అనుకున్నాను. వాళ్ళు జట్కా ఎక్కుతుంటే గేటు దగ్గర నుంచి లక్ష్మమ్మవ్వ గొంతు వినిపించింది. "బెల్లం బంద్! చక్కెర గూడా బంద్!"

మూడు నెలలు తిరక్కుండా మళ్ళీ వచ్చారు. ఈసారి పద్మ వాంతి చేసుకుంటే నోట్లో నుంచి ఒక పురుగు వచ్చిందట. నాకు ఒళ్ళు మండిపోయింది. అంత చెప్పి పంపితే మళ్ళీ ఇదేంటి? గుడ్లు మింగిన రెండు మూడు నెలలకు పురుగులు పెద్దవవుతాయి. అంటే ఇక్కడి నుంచి ఇంటికి పోయిన వారంలోనే మళ్ళీ మింగిందన్నమాట.

"ఏం తినిపిస్తాండారు ఈ బిడ్డకు?" అని వార్డు అదిరేలా అరిచాను.

జవాబు గేటు దగ్గర నుంచి వచ్చింది. "మా ఇల్లు సూసి మాట్లాడు నర్సమ్మా! నీ ఆసుపత్రి కంటే మా పెరడు శుభ్రంగా ఉంటాది!"

అప్పుడు నేను ఒక తప్పు చేశాను. కోపంలో ఉన్నప్పుడు ఎవరినో ఒకరిని పట్టుకోవాలి కదా. పచ్చివి ఏం తింటారని సరోజమ్మను నిలదీస్తే, కొత్తిమీర, ముల్లంగి అంది. ఎవరు తెస్తారంటే, కూరాకుల హుసేనమ్మ అంది. ఊరి బయట తోటలకు పాయఖానాల ఎరువు వేస్తారని అందరికీ తెలుసు. ఇంకేముంది, దొంగ దొరికింది అనుకున్నాను. "ఆ కూరాకులు బంద్ చేయండి ముందు" అని తేల్చేశాను. నేను బంద్ చేయమన్నది పచ్చి కొత్తిమీరను. వాళ్ళు బంద్ చేసింది హుసేనమ్మను. శెట్టి ఇంటి మాట విని ఆ వీధి వీధంతా ఆమెను గడప తొక్కనివ్వడం మానేసింది. పురుగు బయటి నుంచి, బయటి మనిషి చేతి మీదుగా వచ్చిందంటే వాళ్ళకు నమ్మడం ఎంత సులువైందో! నేను గొంతు చించుకుని చెప్పినవేవీ ఎక్కలేదు గానీ ఈ ఒక్కటీ క్షణంలో ఎక్కింది.

హుసేనమ్మ గంప నెత్తిన పెట్టుకుని నేరుగా వార్డుకే వచ్చింది.

"నా కొత్తిమీర తిని నా ఐదుగురు పిల్లోళ్ళు గుండ్ల మాదిరి ఉండారు. నువ్వు నా గంప సూసినావా? నేను కడిగేది సూసినావా? సూడకుండా ఎట్ల సెప్తివమ్మా?"

"నేనేం నీ పేరు సెప్పలేదు" అన్నాను. అది నిజమే, కానీ ఆ మాట ఆమె మొహంలోకి చూస్తూ అనలేకపోయాను. ఊరి మంచికే కదా అని నాకు నేనే సర్దిచెప్పుకున్నాను.

దసరా వెళ్ళిన వారానికి మూడోసారి వచ్చారు. ఈసారి గేటు దగ్గర నుంచి కేకలేమీ లేవు. గోవిందశెట్టి బిడ్డను భుజాన వేసుకుని పరుగెత్తుకుంటూ వచ్చాడు. పద్మ పొట్ట ఉబ్బి బిగుసుకుపోయింది. పచ్చగా వాంతులు. మలం లేదు, గాలి కూడా లేదు. డాక్టరుగారు పొట్ట మీద చెయ్యి పెట్టి, నా చెయ్యి తీసుకుని అక్కడే పెట్టించారు. చర్మం కింద తాళ్ళ ముద్దలాంటిది తగిలింది. పురుగులన్నీ ఒకదానికొకటి పెనవేసుకుని పేగును మూసేశాయి. దీన్ని అబ్‌స్ట్రక్షన్ అంటారు. దారి తెరుచుకోకపోతే పేగు కుళ్ళుతుంది. కుళ్ళితే కోయాలి. కోసేవాళ్ళు మా దగ్గర లేరు, కర్నూలుకు పోవాలి. ఆ రోడ్ల మీద ఆ బిడ్డ కర్నూలు దాకా తట్టుకుంటుందని మాలో ఎవరికీ నమ్మకం లేదు.

ముక్కులో నుంచి పొట్టలోకి సన్నని రబ్బరు గొట్టం వేశాం. అది రైల్స్ ట్యూబ్. దాంతో లోపలి నీళ్ళు లాగేస్తూ, నరంలో సెలైన్ ఎక్కిస్తూ, రెండు పూటలా ఎనిమా ఇస్తూ, కాస్త సర్దుకున్నాక ఆ గొట్టంలో నుంచే సిరప్ పోస్తూ రెండు రోజులు చూశాం. గోవిందశెట్టి మోటారు ఒకటి మాట్లాడి ఆసుపత్రి ముందు నిలబెట్టాడు. డ్రైవరు దాంట్లోనే కూర్చుని ఎదురుచూశాడు. రెండో రోజు మధ్యాహ్నం భోజనాల వేళకు బిడ్డ పొట్టలో గడగడమని చప్పుడైంది. నాకు ఆ చప్పుడు కంటే మంచి పాట ఇంతవరకు వినిపించలేదు. సాయంత్రానికి ఎనిమాతో పురుగులు ముద్దలు ముద్దలుగా వచ్చాయి. లెక్కపెట్టడం మొదలుపెట్టి, అరవై దాటాక చేతకాక వదిలేశాను.

డాక్టరుగారు నన్ను పక్కకు పిలిచారు. ఆయన కోస్తా నుంచి వచ్చిన మనిషి, గొంతు ఎప్పుడూ పెంచరు.

"ఇంకొకసారి ఇలా వస్తే ఈ అమ్మాయి మనకు దక్కదు. మందు మన దగ్గరుంది, గుడ్లు వాళ్ళింట్లో ఉన్నాయి. వెళ్ళి చూసిరండి. కోపం మాత్రం ఇక్కడే పెట్టి వెళ్ళండి."

ఎక్కడ పెట్టాలో ఆయన చెప్పలేదు. అందుకని వెంటబెట్టుకునే వెళ్ళాను.

శెట్టిగారిల్లు నిజంగానే శుభ్రం. ఆ మాట ఒప్పుకోవడానికి నాకు ఎంత కష్టమైందో! ఇల్లంతా నాపరాయి పరుపు, అద్దంలా తుడిచి ఉంది. నన్ను అరుగు మీద కూర్చోబెట్టారు. లోపలికి రమ్మనరని నాకు తెలుసు, నేనూ అడగలేదు. లక్ష్మమ్మవ్వ గడప లోపల పీట వేసుకుని కూర్చుంది. బక్కపలచని మనిషి, తడి చీర, వేళ్ళన్నీ నీళ్ళలో నాని నాని ముడతలు.

"తాగే నీళ్ళు?"

"కాంచి, వడగట్టి పోస్తాం."

"కూరాకులు?"

"నువ్వు సెప్పిన దినం నుంచి పచ్చిది ముట్టలేదు."

"బిడ్డ మన్ను తింటాదా?"

"నా బిడ్డ మన్ను తింటాదా! కాలు కింద పెట్టనియ్యను నేను. పండగ దినం గూడా పాయసం పెట్టలేదు దానికి. తక్కినోళ్ళు తింటాంటే సూసుకుంటా కూకునింది."

నాకు కోపం, జాలి రెండూ ఒకేసారి వచ్చాయి. బెల్లం కాదని చెవిలో ఇల్లు కట్టుకుని పోరితే, బెల్లం ఒక్కటే మాన్పించి ఆ బిడ్డ ఉసురు పోసుకున్నారు! గంటసేపు అడిగాను. ఎక్కడా ఏమీ దొరకలేదు. నోరు ఎండిపోయి నీళ్ళు అడిగాను. సరోజమ్మ ఇత్తడి గ్లాసులో తెచ్చి అరుగు మీద పెట్టింది. తాగి అక్కడే పెట్టాను. లక్ష్మమ్మవ్వ లేచి, ఆ గ్లాసును అరటాకు ముక్కతో పట్టుకుని, పక్కసందులో నుంచి పెరట్లోకి తీసుకుపోయింది.

నేను తాగిన గ్లాసు కదా, తోమితే గానీ మళ్ళీ వాళ్ళకు పనికిరాదు. ఇది నాకు కొత్త కాదు. అయినా ఆ రోజు ఎందుకో తట్టుకోలేకపోయాను. రెండు రోజులు వాళ్ళ బిడ్డ మలం ఎత్తిన చేతులివి. ఆమె ఎన్నిసార్లు తోముతుందో చూద్దామని ఉక్రోషంతో సందు తలుపు దాకా వెళ్ళి నిలబడ్డాను.

పెరట్లో గోడవార ఒక కుండ ఉంది. అందులో నుంచి ఆమె గుప్పెడు మన్ను తీసింది. ఒకసారి తోమింది, రెండోసారి తోమింది, మూడోసారి తోమింది. నీళ్ళ కరువు కాబట్టి చిన్న చెంబుతో అలా తొలిచి, గ్లాసును గోడ మీద బోర్లించింది. ఎలాగూ చెయ్యి మన్నులో ఉందని, పక్కనే ఉన్న చిన్న వెండి గ్లాసు కూడా అదే మన్నుతో తోమి, అలాగే తొలిచి బోర్లించింది. తర్వాత చేతులకు ఇంకో పిడికెడు మన్ను రాసుకుని కడుక్కుంది. కడిగినా ఆమె గోళ్ళ సందుల్లో సన్నగా ఎర్రమన్ను మిగిలే ఉంది.

మా ఇంట్లో ఇత్తడి లేదు, వెండి మాట దేవుడెరుగు. కుండలు, రెండు సత్తు గిన్నెలు. వాటిని పొయ్యి బూడిదతో తోమేవాళ్ళం. అందుకే కాబోలు, చేతులు కడుగుతాం అని వాళ్ళు పదిసార్లు చెప్పినా, దేంతో కడుగుతారని అడగాలని నాకు ఒక్కసారి కూడా తట్టలేదు.

"అవ్వా, ఆ వెండి గ్లాసు ఎవరిది?"

"పద్మది. పనిమనిషి సేత తోమియ్యను. నేనే తోముతా."

"పద్మ చేతులు గూడా ఈ మన్నుతోనే కడుగుతావా?"

"మరి దేంతో కడిగేది? బూడిదలో ఎంగిలి మెతుకులు పడతాంటాయి. మడికి మన్నే."

"ఈ మన్ను యాడిది?"

"మా పెరట్లోదే. బయటి మన్ను మేం ముట్టం." జలదారి పక్కన, స్నానాల నీళ్ళు పోయే చోట గోడమూల చూపించింది. అక్కడ ఎప్పుడూ నీడ, ఎప్పుడూ కాస్త చెమ్మ. "పోయినేడు దాకా పిల్లోళ్ళు దొడ్డికి ఆడ కూకుండేటోళ్ళు. ఇప్పుడు ఆ పక్కకు మార్చినాం. ఏడాది దాటింది, అంతా మన్నులో మన్నయిపోయింది. సన్నగా ఉంటాది, జల్లిస్తే పిండి మాదిరి వస్తాది. ఇత్తడికి గీత పడదు."

నేను ఆ గోడమూల వైపు, కుండ వైపు మార్చి మార్చి చూశాను.

"పిల్లోళ్ళు కూకున్న తావు మన్నా అవ్వా?"

"భూమితల్లిలో కలిసినాక ఇంక మైలేముంది నర్సమ్మా?" అంది ఆమె, ఇంత చిన్న విషయం కూడా తెలియదా అన్నట్టు.

గుప్పెడు మన్ను కాగితంలో పొట్లం కట్టుకుని ఆసుపత్రికి పోయాను. డాక్టరుగారు దాన్ని బాగా చిక్కటి ఉప్పునీళ్ళలో కలిపి కదలకుండా పెట్టారు. మన్ను అడుగుకు దిగుతుంది, గుడ్లు తేలికవి కాబట్టి పైకి తేలతాయి. పైన తేలిన చుక్కను స్లైడు మీదికి తీసి మైక్రోస్కోపు కింద చూశారు. తర్వాత లేచి నన్ను చూడమన్నారు. గోధుమరంగు గుడ్లు, చుట్టూ గరుకు అంచు. కొన్నిటి లోపల చుట్టచుట్టుకుని పడుకున్న పిల్లపురుగు. చూస్తుండగానే ఒకటి మెల్లగా ఒత్తిగిల్లింది.

నా ట్రైనింగులో ఒక వాక్యంగా చదివి మర్చిపోయిన సంగతి ఆయన అప్పుడు మళ్ళీ చెప్పారు. అప్పుడే పడిన గుడ్డు ఎవరికీ ఏమీ చేయదు. అది నీడలో, చెమ్మలో కొన్ని వారాలు మాగాలి. మాగాక లోపల పిల్ల తయారవుతుంది. ఆ తర్వాత ఏళ్ళ తరబడి అలాగే ప్రాణంతో ఉంటుంది. అంటే లక్ష్మమ్మవ్వ అసహ్యించుకుని దూరం పెట్టినన్నాళ్ళూ ఆ మన్నుతో అంత ప్రమాదం లేదు. శుద్ధమైందని నమ్మి కుండలో నింపుకున్న మన్నే ప్రమాదం.

ఆమె ఆసుపత్రికి రాదు. అందుకని డాక్టరుగారి అనుమతి తీసుకుని మైక్రోస్కోపునే జట్కాలో ఒళ్ళో పెట్టుకుని వాళ్ళింటికి తీసుకుపోయాను. దారిలో ప్రతి గుంతకూ నా గుండె జారింది. అరుగు మీద ఎండ పడేచోట పెట్టి, అద్దం తిప్పి వెలుగు పట్టించాను. ఆమెను కూర్చోబెట్టడానికి అరగంట పట్టింది.

"ఏం కనిపిస్తాంది అవ్వా?"

"నా రెప్ప యెంటికలు."

"కన్ను దగ్గరికి పెట్టల్ల."

"ఇప్పుడు అంతా నలుపు."

"రెండో కన్ను మూయవ్వా! నా తల్లి గదా!"

"రెండో కన్ను మూస్తే ఇదీ మూసుకుంటాంది. నేనేం సేసేది?"

తల ప్రాణం తోకకు వచ్చింది. చివరకు ఆమె ఎడమ కన్నును నా చేత్తోనే మూశాను. నేను తాకినందుకు ఆమె ఒక్క క్షణం బిగుసుకుపోయింది గానీ లేవలేదు. చాలాసేపు చూసింది.

"ఇదేంది, మెసులుతాంది?"

"అదే పురుగు పిల్ల. నీ కుండలో మన్నులోది. నీ చేతి నుంచి, వెండి గ్లాసు నుంచి పద్మ నోట్లోకి పోతాంది."

ఆమె తల ఎత్తింది. ఏడుస్తుందనుకున్నాను. "సర్కారు అద్దం. మీరు ఏది సూపియ్యల్లంటే అది సూపిస్తాది" అని లేచి లోపలికి పోయింది.

నేను అరిచాను. వీధిలో పోయేవాళ్ళు నిలబడి చూసేలా అరిచాను. బూడిద వాడమని, సబ్బు వాడమని, ఆ కుండ పగలగొట్టమని అరిచాను. గోవిందశెట్టి రెండు చేతులూ జోడించి బతిమాలుతున్నాడు, తల్లినా నన్నా అన్నది నాకు ఇప్పటికీ తెలియదు. అప్పుడు సరోజమ్మ, ఆ ఎనిమిది నెలల్లో నాతో నాలుగు మాటలు కూడా మాట్లాడని సరోజమ్మ, గడప దగ్గరికి వచ్చింది. అత్తతో మెల్లగా అంది.

"అత్తమ్మా, పిండి పురుగు పడితే యేయిస్తాం గదా. మన్ను గూడా యేయిస్తే?"

లోపల నుంచి లక్ష్మమ్మవ్వ గొంతు. "అగ్నిలో కాలినాక దోషముండదు. పెద్ద పెనం తే."

నాకు నవ్వాలో నెత్తి కొట్టుకోవాలో తెలియలేదు. ఎనిమిది నెలలు నేను మొత్తుకున్నది తలకెక్కని మనిషి, పెనం మీద మన్ను పోసి, రవ్వ వేయించినట్టు దోరగా, ఒద్దికగా వేయించడం మొదలుపెట్టింది. గోడమూల వదిలేసి వంకలో నుంచి కొత్త మన్ను తెప్పించమని శెట్టికి చెప్పాను. దాన్నీ వేయించమన్నాను. డాక్టరుగారికి చెబితే చాలాసేపు నవ్వి, "బాగా ఎర్రబడేదాకా వేయించమనండి" అన్నారు. మర్నాడు హుసేనమ్మను వెతుక్కుంటూ పోయి, తప్పు నాదని చెప్పాను. శెట్టి చేత కూడా చెప్పిస్తానన్నాను. ఆమె గంపలో కొత్తిమీర సర్దుకుంటూ, "అందరి ముందర ఊరికి సెప్పినావు, ఈడికొచ్చి నా ఒక్కదానికి సెప్తాండావు" అంది. శెట్టి వీధిలో ఇంటింటికీ తిరిగి చెప్పాను. సగం మంది మళ్ళీ పిలిచారు, సగం మంది పిలవలేదు.

ఇంట్లో అందరికీ సిరప్ ఇచ్చాం. అవ్వ కూడా తాగింది, తీర్థంలా చేతిలో పోయించుకుని. మూడు నెలలు గడిచాక, కొత్త సంవత్సరంలో, పద్మ అగ్గిపెట్టె మళ్ళీ వచ్చింది. ఒక గుడ్డు కూడా లేదు. నేను నమ్మక ఇంకో రెండు స్లైడులు చూడమన్నాను. అవీ శుభ్రం. ఆ సాయంత్రం డ్యూటీ దిగి, ఆ మాట చెప్పడానికి నేనే నడిచి వెళ్ళాను. పద్మ అరుగు మీద బెల్లం ముక్క చప్పరిస్తూ కూర్చుంది. బుగ్గలు వచ్చాయి. సరోజమ్మ నవ్వు మొదటిసారి చూశాను.

లక్ష్మమ్మవ్వ గడప దాటి వచ్చి అరుగు అంచున కూర్చుంది. పద్మను లోపలికి పంపింది.

"ఒక మాట అడుగుతా నర్సమ్మా. నిజం సెప్పల్ల."

"సెప్పవ్వా."

"దీనికంటే ముందు ఒకడుండె. మంజునాథుడు. నాలుగేండ్లోడు. ఒకనాడు కడుపు నొప్పి అన్న్యాడు. కడుపు రాయి మాదిరి అయింది. పచ్చగా కక్కినాడు. దిష్టి అనుకుంటిమి. తెల్లారేలోగా పోయినాడు." ఆమె తన వేళ్ళ వైపు చూసుకుంటోంది. "వాని చేతులు గూడా ఇట్లాంటి పాత తావు మన్నుతోనే నేనే కడుగుతాంటి. వానికి అన్నం గూడా నేనే కలిపి పెడతాంటి. వానిదీ ఇదేనా?"

ఇన్ని నెలలుగా నేను కోరుకున్నది ఒక్కటే, ఈ ముసలామెకు అర్థం కావాలని. అందుకోసం వార్డులో అరిచాను, గేటు దగ్గర అరిచాను, వీధిలో అరిచాను. ఇప్పుడు అర్థమైంది. డాక్టరుగారు చెప్పినంతా, నేను చెప్పినంతా, ఒక్క ముక్క పోకుండా అర్థమైంది.

"నేను ఆ బిడ్డను సూడలేదవ్వా. సూడని బిడ్డ జబ్బు నేను సెప్పలేను" అన్నాను.

ఆమె కాసేపు నా మొహం చూసింది. "అట్లనా" అంది. లేచి లోపలికి పోయింది.

ఆ తర్వాత ఇంకా చాలా ఏళ్ళు నర్సుగా పనిచేశాను. గుడ్డు మింగకుండా పురుగు రాదని చెప్పడం మానలేదు. దేంతో కడుగుతారు, ఆ మన్ను ఎక్కడిది అని అడగడం మానలేదు. అరవడం కూడా పూర్తిగా మానలేదు, అది నా నోటి వల్ల కాదు. కానీ ఏ తల్లి మీదైనా, ఏ అవ్వ మీదైనా గొంతు పెంచే ముందు, ఇంతకుముందు పోయిన బిడ్డలెవరైనా ఉన్నారా అని మెల్లగా అడిగేదాన్ని. ఉన్నారంటే ఆ రోజుకు నోరు మూసుకునేదాన్ని.